ఉతకొద్దన్న చొక్కాలు

సెడార్ బెండ్ కాలేజీ ఫుట్‌బాల్ జట్టు పేరు కొంగలు. ఇది చేత్తో బంతి విసిరి, ఒకళ్ల మీద ఒకళ్లు పడి కుమ్ముకునే అమెరికా ఫుట్‌బాల్. నూట ముప్ఫై కిలోల ఓడెల్ క్రీగ్ కూడా కొంగే. ఆ పేరు పెట్టిన మహానుభావుడు వసంతకాలంలో ప్లాట్ నది ఇసుకతిప్పల మీద వాలే కొంగల్ని చూసి మురిసిపోయి పెట్టాడు తప్ప, జట్టును చూసి పెట్టలేదు. కొంగలన్నాక తెల్లగా ఉండాలని, ఇంటా బయటా తెల్ల జెర్సీలే వేసుకోవాలని కూడా ఆయనే శాసించి పోయాడు. నెబ్రాస్కాలో వాలే ఆ కొంగలు బూడిదరంగులో ఉంటాయి. ఆ సంగతి ఆయనకు ఎవరైనా అప్పుడే చెప్పి ఉంటే ఆర్లీన్ వోబోరిల్‌కు సగం చాకిరీ తప్పేది.

స్టేడియం మెట్ల కింద, కిటికీ లేని ఒక గదిలో ఆర్లీన్ ఇరవై ఏడేళ్లుగా కొంగల బట్టలు ఉతుకుతోంది. రెండు మెషీన్లు, ఒక డ్రయ్యరు, ఒక సిమెంటు తొట్టి. ఆమె పుట్టింది ఎనిమిదిమంది పిల్లలున్న పొలం ఇంట్లో. సోమవారం వస్తే వాళ్లమ్మకు బట్టల దినం. చలికాలంలో తీగ మీద వేసిన నాన్న ప్యాంట్లు గడ్డకట్టి మనుషుల్లా బిర్రబిగుసుకుని నిలబడేవి. ఆర్లీన్, అక్కలు వాటి నడుములు పట్టుకుని మంచులో డాన్సు చేసేవారు. మరకల విద్య ఆమెకు వాళ్లమ్మ దగ్గర్నుంచే అబ్బింది. గడ్డిపచ్చకు వెనిగరు, నెత్తురుకు చన్నీళ్లూ ఉప్పూ. "నెత్తుటి మీద వేణ్ణీళ్లు పోశావో, ఆ మరక నీతోపాటు సమాధిదాకా వస్తుంది" అనేదట ఆవిడ.

పెళ్లయ్యాక ఆర్లీన్ ఊళ్లోని వెన్న ఫ్యాక్టరీలో పన్నెండేళ్లు పనిచేసింది. అది మూతపడిన వారమే కాలేజీలో బట్టలుతికే మనిషి మానేసింది. ముప్ఫై నాలుగేళ్ల వయసులో, చలికాలం గట్టెక్కితే చాలనుకుని చేరింది. ఆ చలికాలం ఇంకా గట్టెక్కలేదంటాడు ఆమె భర్త ఎమిల్.

ఇన్నేళ్లలో ఆర్లీన్ ఒక్క ఆట కూడా కూర్చుని చూడలేదు. శనివారం మధ్యాహ్నం పైన జనం మెట్లు అదరగొడుతుంటే కింద తువ్వాళ్లు మడతపెట్టుకుంటూ ఉండేది. సోమవారం మాత్రం చొక్కాలు ఒక్కొక్కటే విదిలించి, దీపం కింద పట్టి ఆటంతా చదివేసేది. ఎవడు ఏ భుజం మీద పడ్డాడో, ఎవడు బెంచీ మీదనుంచి లేవలేదో, ఎవడు దెబ్బ దాచుకున్నాడో ఆమెకు తెలిసిపోయేది. ఎమిల్ రేడియోలో విన్న ఆటకూ ఈమె చదివిన ఆటకూ తేడా వస్తే ఇంట్లో రాత్రి భోజనాల దగ్గర వాదన. చాలాసార్లు రేడియోవాడే ఓడిపోయేవాడు.

ఆ ఏడు కొంగలు మొదటి మూడు ఆటలూ ఓడిపోయారు. అంతకుముందు ఏడాది పదికి పదీ, అంతకుముందు చివరి నాలుగూ కలిపితే వరసగా పదిహేడు. ఎదుటి జట్లు వచ్చి వీళ్లను ఉతికి ఆరేసి పోయేవి. మిగిలిన ఉతుకుడు ఆర్లీన్ వంతు.

మూడో ఓటమి తర్వాతి సోమవారం ఓడెల్ క్రీగ్ చిరిగిన ప్యాంటు పట్టుకుని గదిలోకి వచ్చాడు. జొన్నచేల మధ్య పెరిగిన కుర్రాడు. లోపలికి రావాలంటే గుమ్మానికి వారగా తిరగాలి. జట్టులో అతని పని, బంతి విసిరే జేలన్ ప్రూవిట్‌కు ఎడంపక్క గోడలా నిలబడడం. జేలన్ విసిరేటప్పుడు అటుపక్క చూడలేడు కాబట్టి ఆ గోడే అతనికి కన్ను.

"మిస్ ఆర్లీన్, ఇంకో సైజు పెద్దది ఉందాండీ?"

"ఇంతకంటే పెద్దదంటే గుడారమే నాయనా. ఇటు రా, నీకొకటి చూపించాలి."

ఆమె రెండు చొక్కాలు బల్ల మీద పక్కపక్కన పరిచింది. ఒకటి జేలన్‌ది. కుడిభుజం మొత్తం పచ్చగా, మోచేతిదాకా మట్టి.

"చూడు. మూడు వారాల్నుంచీ వీడు కుడిపక్కే పడుతున్నాడు. కుడిపక్క పడుతున్నాడంటే వీణ్ణి ఎవడో ఎడంపక్కనుంచి గుద్దుతున్నాడు. ఇప్పుడు ఇది చూడు. ఇది నీదే. ఛాతీ మీద ఏముంది?"

ఓడెల్ వంగి చూశాడు. "ఏం లేదండీ."

"అదే నేనూ అంటున్నా. ఏం లేదు. మా చర్చిలో బలిపీఠం మీద పరిచే గుడ్డలా ఉంది. ఎదుటివాడితో కలబడ్డవాడి ఛాతీ ఇలా ఉంటుందట్రా? నువ్వు ఆడుతున్నావా, టికెట్ కొనుక్కుని చూస్తున్నావా?"

ఓడెల్ చెవులు బీట్‌రూట్‌లా ఎర్రబడ్డాయి. చిరిగిన ప్యాంటు సంగతి మరిచిపోయి, దాన్ని అక్కడే వదిలేసి, మళ్లీ వారగా తిరిగి వెళ్లిపోయాడు.

నాలుగో ఆట వానలో జరిగింది. ఓడెల్ తన ముందుకొచ్చినవాణ్ణల్లా వాటేసుకుని బురదలో పొర్లించాడు. జేలన్‌కు బంతి విసరడానికే కాదు, కాస్త ఆలోచించుకోవడానికి కూడా తీరిక దొరికింది. కొంగలు ఇరవై పదిహేడుతో గెలిచారు. ఊరి గంటలు మోగాయి. మోగించింది ఫాదర్ మరెక్. ఆయన సెయింట్ వెన్సెస్లాస్ చర్చి గురువే అయినా శనివారం పూట మాత్రం కొంగల భక్తుడు.

సోమవారం ఆర్లీన్ వచ్చేసరికి చొక్కాలన్నీ సామాన్ల గదిలో ఇనపజాలీ వెనక కొక్కేలకు వేలాడుతున్నాయి. బురద ఎండి పెచ్చులు రాలుతోంది. జాలీ తలుపు ముందు కోచ్ టెస్మర్, ఓడెల్, జేలన్ కాపలా ఉన్నట్టు నిలబడ్డారు.

"ఆర్లీన్ గారూ," అన్నాడు కోచ్ గొంతు సవరించుకుని, "కుర్రాళ్లు ఒక మాట అనుకున్నారు. గెలిచినంతకాలం చొక్కాలు ఉతకొద్దంట."

"ఉతకొద్దా?"

"ఆ బురదలోనే అదృష్టం ఉందండీ," అన్నాడు జేలన్. వాడి మొహంలో వెటకారం మచ్చుకైనా లేదు. వాడు ఎడంకాలి సాక్సు ముందు తొడుక్కున్న రోజు బంతి ముట్టుకోని రకం.

"బురదలో ఉండేది వానపాములు," అంది ఆర్లీన్. "ఒరేయ్ ఓడెల్, నువ్వైనా చెప్పరా. నువ్వు గెలిపించింది బురదతోనా, ఒళ్లు వంచా?"

ఓడెల్ నేలచూపులు చూశాడు. "మీరు నా ఛాతీ తెల్లగా ఉందన్నారు. ఇప్పుడు నల్లగా అయింది. ఇది పోతే మళ్లీ ఏమవుతుందోనండీ."

ఆర్లీన్ ఖాళీ బుట్ట తీసుకుని వెనక్కి తిరిగింది. నిప్పు తనే పెట్టి నీళ్లకోసం వెతుక్కున్నట్టుంది.

ఐదో ఆటా గెలిచారు, అవే చొక్కాలతో. ఆ శనివారం సాయంత్రం వెస్లీ అనే మొదటి ఏడాది కుర్రాడు తువ్వాలు ఇవ్వడానికి వచ్చి మెడ గోక్కున్నాడు. ఆర్లీన్ కాలరు తీసి చూసింది. వానకు తడిసి, ఉతక్కుండా ఎండిన గుడ్డ గీరుకుపోయిన చోట ఎర్రగా, శనగగింజంత కురుపు.

ఆమెకు గారెట్ గుర్తొచ్చాడు. ఆమె చేరిన రెండో ఏడు, డ్రయ్యరు చెడిపోయిందని తడి చొక్కాలు మూటగట్టి బస్సులో పెట్టారు. అవే వేసుకుని ఆడిన గారెట్‌కు మోకాలి మీద చిన్న గీరు చీము పట్టి, ఆరు వారాలు ఆసుపత్రిలో ఉన్నాడు. కాలు దక్కింది. ఇప్పుడు ఒమాహాలో పళ్ల డాక్టరు, క్రిస్మస్‌కు కార్డు పంపిస్తాడు. కానీ ఆ ఆరు వారాలూ ఆర్లీన్ నిద్రపోలేదు.

వెస్లీని నర్సు దగ్గరికి తోలి, తిన్నగా కోచ్ గదికి వెళ్లింది.

"మందు రాస్తారులెండి, తగ్గిపోతుంది," అన్నాడు కోచ్. "ఆర్లీన్ గారూ, పదిహేడు. వరసగా పదిహేడు ఓడిపోయా. కిరాణాకొట్లో నన్ను చూసి జనం బంగాళదుంపల వెనక దాక్కునేవాళ్లు. ఇవాళ అదే కొట్టువాడు నాకు పుచ్చకాయ ఊరికే ఇచ్చాడు. ఇంకో ఐదు ఆటలు. మీకు దణ్ణం పెడతా."

ఆర్లీన్ మారుమాట్లాడలేదు. ఆమె నోరు మూసుకుందంటే ఏదో మూడబోతోందని ఎమిల్‌కు తెలుసు. కోచ్‌కు తెలియదు.

జాలీకి తాళం వేసి చెవి కోచ్ జేబులో పెట్టుకున్నాడు. కాలేజీలో ప్రతి తాళానికీ రెండో చెవి ఆర్లీన్ నడుముకున్న గుత్తిలో ఉంటుందన్న సంగతి ఎవరికీ తట్టలేదు. ఆదివారం తొమ్మిది నుంచి పన్నెండు దాకా ఊరంతా చర్చిలో ఉంటుంది. చర్చికి వెళ్లని కుర్రాళ్లు ముసుగుతన్ని పడుకుంటారు. ఆర్లీన్, ఎమిల్ వెనక తలుపు తీసుకుని లోపలికెళ్లారు.

యాభై రెండు చొక్కాలు ఉతికి, ఆరబెట్టి, పరిచేసరికి పదకొండైంది. తళతళా మెరుస్తున్నాయి. ఆర్లీన్ వాటివైపు తృప్తిగా చూసి, నిట్టూర్చింది.

"ఇప్పుడు పాడుచెయ్యాలి."

"ఏంటీ?" అన్నాడు ఎమిల్.

"తెల్లగా చూస్తే గుండె ఆగి చస్తారు వెధవలు. మట్టి తీసుకురా."

మట్టిలో ఉండే క్రిములు మళ్లీ కుర్రాళ్లకు అంటుకోకూడదని ఆమె దాన్ని ముందురోజే జల్లించి, ఇంట్లో కేకుల పళ్లెంలో పోసి, ఓవెన్‌లో గంటసేపు కాల్చింది. ఎమిల్ ఆ పళ్లెం బల్ల మీద పెట్టి వాసన చూశాడు. "ముప్ఫై తొమ్మిదేళ్ల కాపురంలో మట్టి తినిపిస్తావని అప్పుడప్పుడూ అనుమానం వచ్చేది. ఇంత బాగా వండుతావనుకోలేదే."

"నోర్ముయ్. అరవై నాలుగో నంబరు ఓడెల్‌ది. ఛాతీ మీద పుయ్యి. అక్కడ కాదు, కిందికి. వాడు వంగి తగులుతాడు. జేలన్‌ది ఇప్పుడు కుడిభుజం శుభ్రం. అక్కడ పూస్తే దొరికిపోతాం."

ఏ మరక ఎక్కడుండాలో ఆమెకు కంఠతా వచ్చు. ఎమిల్ పిడికెడు పచ్చగడ్డి తెచ్చి, నాలుక బయటపెట్టి, బడిపిల్లాడిలా శ్రద్ధగా రుద్దాడు. ఎన్నడూ బంతి ముట్టని వెస్లీ చొక్కాకు జాలిపడి రెండు మంచి మరకలు అదనంగా వేశాడు. చివరికి వాసన సమస్య వచ్చింది. మట్టి ఉంది గానీ కంపు లేదు. దానికీ ఆర్లీన్ దగ్గర మందుంది. ఇంట్లో జాడీలో పుల్లబెట్టిన క్యాబేజీ మీద తేరిన నీళ్లు సీసాలో తెచ్చి, అన్నిటి మీదా చిలకరించింది. గదిలో నిలబడలేక ఇద్దరూ బయటికి పరిగెత్తారు.

ఆరో ఆట గెలిచారు. ఏడు గెలిచారు. వెస్లీ మెడ మానింది. "ఆహా, ఏం కంపురా!" అని జేలన్ చొక్కాలో మొహం పెట్టి గుండెనిండా పీల్చుకునేవాడు. ఎదుటి జట్లవాళ్లు ముక్కు పక్కకు తిప్పుకునేవాళ్లు. అది కూడా కొంత కలిసొచ్చిందని ఎమిల్ అభిప్రాయం.

మూడు ఆదివారాలు వరసగా చర్చిలో కనపడకపోయేసరికి ఆర్లీన్‌కు భక్తి సన్నగిల్లిందని ఊళ్లో గుసగుసలు బయల్దేరాయి. ఆమెకూ మనసులో పీకుతూనే ఉంది. శుక్రవారం వెళ్లి, చేసిన పాపాలు ఫాదర్‌కు చెప్పుకునే పాపసంకీర్తన గదిలో మోకరిల్లింది. జాలీకి అవతల ఫాదర్ మరెక్.

"ఫాదర్, మూడు వారాలు పూజ మానేశాను. యాభై రెండుమంది కుర్రాళ్లను మోసం చేస్తున్నాను."

"ఎలా అమ్మా?"

ఆమె అంతా చెప్పింది. ఫాదర్ జాలీకి దగ్గరగా జరిగాడు.

"అంటే... మొన్న ఆ ముప్ఫై ఒకటి, పదమూడు... ఆ రోజు వేసుకున్నవి ఉతికినవా?"

"శుభ్రంగా ఉతికినవి ఫాదర్. వెళ్లి వాళ్లతో చెప్పెయ్యమంటారా?"

"వద్దు!" అన్నాడాయన, గురువు గొంతు మరిచిపోయి. బయట వరసలో ఉన్న ముసలమ్మ ఉలిక్కిపడింది. ఆయన సర్దుకుని, గొంతు తగ్గించాడు. "తొందరపాటు కూడా పాపమే తల్లీ. సీజనయ్యాక చెబుదువుగాని. ఈలోగా శనివారం సాయంత్రం పూజకు రా, అది ఆదివారం లెక్కలోకే వస్తుంది. పరిహారంగా పది జపాలు చెప్పుకో. ఇంకో మాట. పదిహేడో నంబరు కుర్రాడి కాలు ఎలా ఉంది? మరకలు చూస్తే నీకు తెలుస్తుందంటారుగా?"

ఎనిమిది గెలిచారు, తొమ్మిదీ గెలిచారు. చివరిది విన్‌ఫీల్డ్ హాల్ కాలేజీ మీద. గెలిచినవాళ్లకు ఒక సొట్టలుపడ్డ పాలక్యాను ఇస్తారు. దానికోసం రెండు ఊళ్లూ అరవై ఏళ్లుగా కొట్టుకుచస్తున్నాయి. కొంగలు దాన్ని చూసి పదకొండేళ్లైంది.

ఆ శనివారం పొద్దున్న ఎనిమిదింటికి ఓడెల్ ఉతుకుడు గదిలోకి వచ్చాడు. ఈసారి వారగా తిరగడం మరిచిపోయి గుమ్మానికి భుజం కొట్టుకున్నాడు. చేతిలో అరవై నాలుగో నంబరు చొక్కా.

"మిస్ ఆర్లీన్, పోయినవారం నా చంక కింద చిరిగింది. జానెడు."

"చిరిగితే?"

"ఇప్పుడు లేదండీ."

అతను చంక దగ్గర తిప్పి చూపించాడు. చీమలబారులా సన్నటి కుట్టు. ఆర్లీన్ దాన్ని చూసి కళ్లు మూసుకుంది. మరకలన్నీ గుర్తుపెట్టుకుని వేసిన మనిషి, చిరుగు కంటపడగానే చెయ్యి ఊరుకోక ఎప్పుడు కుట్టేసిందో తనకే తెలీదు.

"కూర్చోరా," అంది.

ఓడెల్ బోర్లించిన బకెట్టు మీద కూర్చుని, ఓవెన్ దగ్గర్నుంచి క్యాబేజీ నీళ్లదాకా విన్నాడు. విన్నంతసేపూ నోరు తెరిచే ఉంది.

"అంటే నాలుగు ఆటలు... ఉతికిన చొక్కాలతోనే..."

"అవును. మీ అదృష్టం ప్రతి ఆదివారం కాలవలోకి పోతూనే ఉంది. మీరు గెలుస్తూనే ఉన్నారు. ఇప్పుడు చెప్పు, గెలిపించిందెవరు?"

ఓడెల్ తన పెద్ద చేతులవైపు చూసుకున్నాడు. మొహమంతా మెల్లగా నవ్వు పాకింది. "నాకు ఉతికింది కావాలండీ," అన్నాడు. "మట్టి పుయ్యకుండా."

సంగతి పది నిమిషాల్లో జట్టంతా పాకింది. జేలన్ గోడకు నుదురు కొట్టుకున్నాడు. "మా కంపంతా క్యాబేజీనా? నాలుగు వారాలు నేను పీల్చింది క్యాబేజీనా?" కోచ్ టెస్మర్ మురికిబట్టల బుట్ట మీద కూలబడ్డాడు. ఆయనకు కోపం వస్తుందేమోనని అందరూ చూశారు. ఆయన తల పైకెత్తి, "ఆ వెస్లీగాడు ఒక్కసారి కూడా మైదానంలోకి దిగలేదు, వాడికి మరకలెలా వచ్చాయా అని నెలరోజులుగా బుర్ర బద్దలుకొట్టుకుంటున్నా," అన్నాడు.

ఓడెల్ బెంచీ ఎక్కి మాట్లాడాడు. అతను అన్ని మాటలు ఒక్కచోట అనడం అదే మొదటిసారి. చివరికి చేతులెత్తించారు. నలభైమంది ఉతకమన్నారు. ఆట ఒంటిగంటకు. ఆర్లీన్ చేతులు పైకి మడిచింది. ఆ రోజు దాచుకుని చెయ్యాల్సిన పని లేదు. కుర్రాళ్లు బుట్టలు మోశారు, కోచ్ డ్రయ్యరు దగ్గర నిలబడ్డాడు. పన్నెండున్నరకు కొంగలు పాలనురగలా బయటికి నడిచారు.

అప్పటికి మంచు మొదలైంది.

ముందు పూలు రాల్చినట్టు కురిసింది, తర్వాత బస్తాలు కుమ్మరించినట్టు. మైదానం తెల్లబడింది, గీతలు కనపడకుండా పోయాయి, ఆ తెల్లటిలో కొంగలూ కనపడకుండా పోయారు. ఎర్రచొక్కాల విన్‌ఫీల్డ్ వాళ్లు గాల్లో తడుముకున్నారు. బంతి పట్టుకున్న కొంగ ఒకడు ఎదురుగా నడిచొచ్చేదాకా వాళ్లకు తెలీలేదు. అలా ఏడు పాయింట్లు వచ్చాయి. కానీ కళ్లు ఎదుటివాళ్లకొక్కరికే ఉండవుగదా. జేలన్‌కూ తనవాళ్లు కనపడలేదు. ఎర్రగా కనపడ్డవాడికి రెండుసార్లు బంతి అందించాడు. చివరి నిమిషానికి విన్‌ఫీల్డ్ పది, కొంగలు ఏడు. ఆఖరి విసురు. ఓడెల్ ఇద్దర్ని మంచులో పాతేసి జేలన్‌కు కావలసినంత టైమిచ్చాడు. గీత అవతల, బంతి అందుకుంటే చాలు గెలిచే మూలన, పదిహేడో నంబరు కుర్రాడు ఒంటరిగా, చుట్టూ పురుగన్నది లేకుండా, చేతులు రెండూ ఊపుతూ గెంతుతున్నాడు. మెట్ల మీదున్న మూడువేలమందికీ కనపడ్డాడు. జేలన్‌కు కనపడలేదు.

పాలక్యాను మళ్లీ విన్‌ఫీల్డ్ బస్సెక్కింది.

జేలన్ ఉతుకుడు గదిలోకి వచ్చాడు, కనుబొమల మీద మంచుతో, వెనకే కోచ్, మిగతా కుర్రాళ్లూ. "మిస్ ఆర్లీన్," అన్నాడు నీరసంగా, "ఆ పదిహేడోవాడి మీద అరచేయంత మట్టి ఉంచినా చాలేది. నాకు కనపడేవాడండీ."

ఆర్లీన్ మొహం పాలిపోయింది. తువ్వాలు చేతిలో అలాగే ఉండిపోయింది. వాడు చెప్పింది అక్షరాలా నిజం. వెనకనుంచి ఓడెల్ ముక్కుతో ఒక వింత చప్పుడు చేశాడు. ఏడుపేమోనని అందరూ తిరిగారు. నవ్వు. అది కోచ్‌కు అంటుకుంది, కోచ్ నుంచి జేలన్‌కు, చివరికి ఆర్లీన్‌కు. కళ్లనీళ్లు కారేలా నవ్వింది. ఓడిన జట్టు గదిలోంచి అలాంటి నవ్వు విని విన్‌ఫీల్డ్ కోచ్ బస్సు మెట్టు మీద ఆగిపోయాడట.

ఊళ్లో మాత్రం ఇది అంత తేలిగ్గా తెమల్లేదు. కాఫీ దుకాణంలో రెండు పార్టీలు లేచాయి. ఉతికినా గెలిచారుగా అని ఒకరు. ఉతికాక మట్టి పూశారుగా, కాబట్టి మట్టే గెలిపించిందని ఒకరు. ఫాదర్ మరెక్ మాత్రం ఎంత అడిగినా ఏ పార్టీలోనూ చేరలేదు. ఆయనకు ముందే తెలుసన్న సంగతి కూడా ఎవరికీ చెప్పలేదు.

నవంబరు చివర్లో జిమ్‌లో జట్టుకు విందు. వంటా బల్లగుడ్డలూ ఊళ్లో హోటలువాళ్లవి. పంది మాంసం వేపుడు, పిండి ఉండలు, గ్రేవీ. ఆరు గెలుపులు, నాలుగు ఓటములు. పదకొండేళ్లలో అదే మంచి సీజను. కోచ్ లేచి, వచ్చే ఏడు కాలేజీ మూడో మెషీను కొంటోందని చెప్పి, ఆర్లీన్‌ను రెండు మాటలు మాట్లాడమన్నాడు. ఆమె జీవితంలో మైకు పట్టుకోలేదు. లేచి నిలబడి, దాన్ని దూరంగా నెట్టి, "చిరిగితే వచ్చి చెప్పండి. దాచుకోకండి. దెబ్బైనా సరే, గుడ్డైనా సరే," అని కూర్చుంది. కుర్రాళ్లు బల్లలు గుద్దారు.

ఆ గుద్దుడుకు ఓడెల్ ముందున్న గ్రేవీ గిన్నె బోర్లాపడి, తెల్లటి బల్లగుడ్డ మీద నెబ్రాస్కా పటమంత మేర పాకింది. ఆర్లీన్ చెయ్యి ఉప్పుసీసా మీదికి పోయింది. ఎమిల్ ఆ చెయ్యి పట్టుకున్నాడు.

"అది హోటలువాళ్లదే. మనది కాదు. తిను."

ఆర్లీన్ ఆ మరకవైపు చూసింది. ఎమిల్ వైపు చూసింది. తర్వాత పళ్లెం ముందుకు జరుపుకుని, ఇంకో పిండి ఉండ వేసుకుంది.